దీపం మసకబారిన రహస్యం

సంగారెడ్డి, పటాన్‌చెరు పరిసరాలలో 1970ల నుండి కర్మాగారాలు విరివిగా వెలిసినవి. ఇటువంటి చోట్ల ఎక్కడో ఒక పెద్ద మోటారు తిరగనారంభించగానే పక్క వీధిలోని ఇంటి దీపం క్షణకాలం మసకబారడం కద్దు. నిలిచి ఉన్న మోటారు కదిలేటప్పుడు, మామూలుగా తీసుకొనే విద్యుత్తుకు అయిదారు రెట్లు లాగుకొంటుంది. అంత ప్రవాహం అవే తీగల గుండా పోవడంతో, తీగల నిరోధం వలన వోల్టేజి కొంత పడిపోతుంది. వోల్టేజి నూటికి 10 పాళ్లు తగ్గితే పాతరకపు తంతువు బల్బు వెలుగు సుమారు 30 పాళ్లు తగ్గుతుంది; అందువల్లనే కంటికి అంత స్పష్టంగా తెలుస్తుంది. (ఎల్.ఇ.డి. దీపాలలో చాలా వాటికి విద్యుత్తును నిలకడగా ఉంచే అమరిక ఉన్నది కనుక వాటిలో ఈ మార్పు అంతగా కనిపించదు.)

ఇంట్లో ఉన్నవారికి మోటారు కనబడదు, దీపం మాత్రమే కనబడుతుంది. ఇటువంటి సంగతిని పట్టుకొనే ఇంగ్లీషు రచయిత పాట్రిక్ హామిల్టన్ 1938లో ఒక నాటకం వ్రాశాడు. దాని ఆధారంగా 1944లో హాలీవుడ్‌లో తీసిన చిత్రంలో కథానాయిక పేరు పౌలా. ఆమెను పెంచిన గాయని హత్యకు గురికాగా, ఆ గాయని ఉన్న లండన్ ఇల్లు పౌలాకు సంక్రమిస్తుంది. గాయని నగలు ఆ ఇంటిలోనే ఎక్కడో ఉన్నవి. వాటికోసం భర్త రాత్రిళ్లు బయటికి పోయినట్లు నటించి, రహస్యంగా అటకమీదికి చేరి వెదకుతూ ఉంటాడు. పగలు తానే వస్తువులు దాచి, ఆమెకు మతిమరుపు వచ్చిందని నమ్మబలుకుతాడు. అతడు వెళ్లిన కొంతసేపటికి ఆమె గదిలో దీపం మసకబారుతుంది. పైన అడుగుల చప్పుడు వినబడుతుంది. ఇదంతా తన భ్రమేనేమో అని ఆమె భయపడుతుంది.

ఆ కాలపు దీపాలు బొగ్గు వాయువుతో వెలిగేవి. బొగ్గును గాలి తగలకుండా కాచి తీసిన వాయువును గొట్టాల ద్వారా ఇళ్లకు పంపేవారు. విలియం మర్డాక్ 1792లోనే తన ఇంటిని ఈ విధంగా వెలిగించాడు. ఈ వాయువు చాలా తక్కువ పీడనంతో వస్తుంది. గొట్టంలో ప్రవాహం హెచ్చేకొద్దీ రాపిడి వలన పీడన నష్టం కూడా హెచ్చుతుంది. అటకమీద మరొక దీపం వెలిగితే కింది దీపానికి అందే వాయువు తగ్గి మంట చిన్నదవుతుంది. బడిలో ఒకే సన్నని గొట్టానికి రెండు కుళాయిలు ఉంటే ఉపాధ్యాయుడు దీనిని సులభంగా చూపవచ్చు: రెండవది తిప్పగానే మొదటిదాని ధార సన్నబడుతుంది.

పౌలా చూచినది నిజమే. కారణం మాత్రం ఆమె కంటికి కనబడని చోట ఉన్నది.

మరి తన కళ్లను తాను ఎందుకు నమ్మలేకపోయింది? అమెరికన్ మనస్తత్వ శాస్త్రవేత్త సాలమన్ ఆష్ 1951లో ప్రచురించిన ప్రయోగాలు దీనికి కొంత సమాధానమిస్తాయి. ఒక గీతకు సమానమైన గీత ఏదో చెప్పాలి. పసివాడు కూడా చెప్పగలడు. అయితే గుంపులో ఒక్కరు తప్ప మిగిలినవారంతా ముందే కూడబలుక్కొని తప్పు జవాబు చెపుతారు. అటువంటి సందర్భాలలో సుమారు మూడింట ఒక వంతు జవాబులు గుంపుతోపాటు తప్పుదారి పట్టినవి. గుంపులో ఒక్కడు సరిగా చెప్పినప్పుడు ఆ తప్పులు నాలుగో వంతుకు పడిపోయినవి. చిత్రంలోనూ అంతే. పోలీసు అధికారి ఒకడు ఆమె పక్కన నిలబడి, దీపం మసకబారడం తానూ చూచిన తరువాతనే ఆమెకు ధైర్యం వస్తుంది.

ఇతరులకు కనబడనివి తమకు కనబడుతున్నవని చెప్పేవారంతా మోసపోయినవారే అనుకోరాదు. కొన్ని మానసిక వ్యాధులలో, తీవ్రమైన జ్వరంలో, కొన్ని విషపదార్థాల ప్రభావంలో లేనివి కనబడటం, వినబడటం ఉన్నది. ఆ బాధ కూడా నిజమైనదే. తేడా తేల్చవలసినది వైద్యుడు, ఆస్తిపై కన్నున్న బంధువు కాదు.

బ్రిటిష్ ఇండియాలో 1912 నాటి చట్టం ప్రకారం భర్త, భార్య లేదా మరొక బంధువు అర్జీ పెట్టి, ఇద్దరు వైద్యుల ధ్రువపత్రాలు జతచేస్తే మనిషిని ఉన్మాదాలయంలో ఉంచుటకు మేజిస్ట్రేటు ఉత్తర్వు పొందవచ్చు. 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం మానసిక వ్యాధి నిర్ధారణకు ఆమోదిత వైద్య ప్రమాణాలనే కొలబద్దగా పెట్టింది. వ్యాధి ఉన్నదని తేలినంత మాత్రాన మనిషి మతిస్థిమితం లేనివాడు కాడు. అలా ప్రకటించే అధికారం న్యాయస్థానానిదే.