ఉలవలు ఎంతకీ ఉడకవెందుకు? చారు చిక్కబడేదెలా?

రాత్రంతా నానబెట్టినా, కుక్కర్లో పదిహేను విజిళ్ళు రానిచ్చినా ఉలవ పంటికింద కటుక్కుమంటూనే ఉంటుంది. అదే కొట్లో కొన్న అవే ఉలవలు పుట్టింటికి తీసుకెళితే గంటలో మెత్తబడతాయి. పిడుగురాళ్ళ, దాచేపల్లి, మాచర్ల వైపు కాపురానికొచ్చిన వాళ్ళకు ఇది కొత్త సంగతేం కాదు. ఎందుకిలా? లోపం వండే చేతిలో ఉందా, గింజలో ఉందా?

గింజ సంగతి తర్వాత చూద్దాం. ముందు నీళ్ళను అనుమానించాలి.

పల్నాడు నేల కింద చాలాచోట్ల ఉన్నది సున్నపురాయి. ఇళ్ళలో పరిచే నాపరాళ్ళు, పిడుగురాళ్ళ సున్నపు బట్టీలు, చుట్టుపక్కల సిమెంటు ఫ్యాక్టరీలు, అన్నిటికీ ఆధారం ఆ రాయే. శ్రీనాథుడి పేరున చెప్పుకునే ఒక చాటువులో పల్నాటి నాపరాళ్ళ మీద ఒక విసురు, నాగులేటి నీళ్ళ మీద ఇంకో విసురు ఉన్నాయి. ఆ కవి రాళ్ళనూ నీళ్ళనూ విడివిడిగా వెక్కిరించాడు గానీ, వంటింటి లెక్కలో ఆ రెండిటికీ చుట్టరికముంది. వాన నీరు మట్టిలోంచి దిగేటప్పుడు అక్కడి కార్బన్ డయాక్సైడ్‌ను కలుపుకుని కొంచెం ఆమ్లగుణం తెచ్చుకుంటుంది. ఆ నీరు సున్నపురాయిని కొద్దికొద్దిగా కరిగిస్తుంది. మనం బోరు వేసి తోడుకునేది అలా కాల్షియం, మెగ్నీషియం కలిసిన నీటినే. సబ్బు నురగ రానిది, గిన్నె అడుగున తెల్లటి పొర కట్టేది ఆ నీరే.

దానికీ ఉలవలు ఉడకకపోవడానికీ సంబంధమేమిటి? గింజలోని కణాలను ఒకదానికొకటి అతికించి ఉంచే పదార్థం పేరు పెక్టిన్. గోడలో ఇటుకల మధ్య సున్నం చేసే పని గింజలో అది చేస్తుంది. గింజ ఉడకడమంటే ముఖ్యంగా ఆ అతుకు వేడికి కరిగి కణాలు విడిపోవడమే. నీళ్ళలో కాల్షియం ఎక్కువగా ఉంటే అది లోపలికి చేరి పెక్టిన్ పోగులను ముడివేస్తుంది. అప్పుడు ఎంత మంట పెట్టినా ఆ అతుకు తొందరగా విడవదు. మన తాగునీటి ప్రమాణం ఐఎస్ 10500 ప్రకారం నీటి కఠినత్వం లీటరుకు 200 మిల్లీగ్రాముల లోపు ఉండాలి, వేరే నీళ్ళు దొరకనప్పుడు 600 దాకా సరిపెట్టుకోవచ్చు. అంటే తాగడానికి పరవాలేదనిపించుకున్న నీళ్ళు కూడా ఉలవల దగ్గరికొచ్చేసరికి మొరాయించవచ్చు. లండన్‌లో ఉంటున్న తెలుగువాళ్ళకూ ఈ తిప్పలున్నాయి. అక్కడి కుళాయి నీళ్ళు కూడా సుద్దరాతి పొరల్లోంచి వచ్చే గట్టి నీళ్ళే.

మరి ఎలా? తేలికైన దారి నీళ్ళు మార్చడం. 1967లో నాగార్జునసాగర్ కుడి కాలువకు నీళ్ళు వదిలాక కృష్ణ నీరు అందిన ఊళ్ళలో, బోరు కన్నా కాలవ నీటికే పప్పు బాగా ఉడుకుతుందని పెద్దవాళ్ళు చెప్పే మాట నిజమే. ఇప్పుడు చాలా ఇళ్ళకు ప్లాంటు నీళ్ళ క్యాన్ వస్తోంది. వాటిలో కాల్షియం చాలావరకు తీసేసి ఉంటుంది కాబట్టి నానబెట్టడానికీ ఉడికించడానికీ ఆ నీళ్ళే వాడండి. కడగడానికి మాత్రం ఏ నీళ్ళైనా ఒకటే. క్యాన్ లేకపోతే బోరు నీళ్ళను పది నిమిషాలు తెర్లకాచి, చల్లారనిచ్చి, అడుగున తేరుకున్న తెల్లటి మడ్డి కదలకుండా పైతేట వంచుకోండి. కాచినప్పుడు కరిగి ఉన్న సున్నంలో కొంత మళ్ళీ రాయిగా మారి అడుగున పడుతుంది. అంతా పోదు గానీ తేడా తెలుస్తుంది.

ఇక్కడ ఒక హెచ్చరిక. మన ప్రాంతంలో ఫ్లోరైడ్ ఉన్న బోర్లకు కొదవలేదు. కాచితే ఫ్లోరైడ్ పోదు, పైగా చిక్కబడుతుంది. మూడు లీటర్ల నీళ్ళు పోసి, చారు లీటరయ్యేదాకా మరిగిస్తే ఫ్లోరైడ్ మోతాదు మూడింతలవుతుంది. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే ఆ నీళ్ళు తాగకూడదు. అలాంటి బోరు నీళ్ళతో గంటలకొద్దీ మరగబెట్టే చారు కాచుకోవద్దు.

నీళ్ళు మంచివే, అయినా ఉడకడం లేదంటే?

అప్పుడు గింజ వయసు చూడాలి. ఉలవ వానల చివర మెట్ట చేలల్లో చల్లుకుని, సంక్రాంతి దాటాక కోసుకునే పైరు. కొత్త ఉలవలు చక్కగా ఉడుకుతాయి. అవే ఒక వేసవి దాటితే మొండికేస్తాయి. రెంటచింతల ఎండలు ప్రతి ఏడూ పేపర్లో పడేవే కదా, ఆ వేడికి, ఆ తర్వాత వచ్చే ముసురుకు డబ్బాలోని గింజలో ఒక మార్పు వస్తుంది. గింజలో దాచి ఉన్న భాస్వరపు పదార్థం, దాని పేరు ఫైటేట్, మెల్లగా విరిగిపోతుంది. అది పట్టి ఉంచిన కాల్షియం విడుదలై నేరుగా పెక్టిన్‌కు చేరుకుంటుంది. నీళ్ళు బయటినుంచి చేసే పనినే ఇక్కడ గింజ తన లోపలే చేసుకుంటుంది. పాతబడ్డ ఉలవలు మంచి నీళ్ళలోనూ సతాయించేది అందుకే. ఒకేసారి బస్తా కొని అటక మీద పెట్టడం కన్నా మూణ్ణెల్లకు సరిపడా కొని, గాలి చొరని డబ్బాలో, పొయ్యికి దూరంగా, చల్లటి చోట ఉంచుకోవడం మేలు.

నానబెట్టే ముందు గాలించడం మానొద్దు. ఉలవల్లో సరిగ్గా ఉలవంత, ఉలవ రంగే ఉన్న రాళ్ళుంటాయి. చేటలో చెరిగితే పొట్టూ దుమ్మూ పోతాయి గానీ ఆ రాయి కంటికి ఆనదు. వెడల్పు గిన్నెలో ఉలవలు పోసి, నిండా నీళ్ళు పోసి, గిన్నెను కొంచెం వంచి గుండ్రంగా ఆడిస్తూ రెండో గిన్నెలోకి కాస్త కాస్త ఒలకబోయాలి. ఉలవ తేలిక కాబట్టి నీళ్ళతో పాటు జారిపోతుంది, రాయి బరువు కాబట్టి అడుగునే చిక్కుకుంటుంది. చివర్లో ఒక గుక్కెడు నీళ్ళు మిగిలేసరికి అడుగున నాలుగైదు రాళ్ళు మెరుస్తూ కనిపిస్తాయి. ఆ నాలుగూ పన్ను విరగ్గొట్టడానికి చాలు.

నానడానికి పది పన్నెండు గంటలు ఇవ్వాలి. ఉలవ పై తొక్క దళసరి, నీరు దానిగుండా అంత తేలిగ్గా దూరదు. ఎక్కువగా గింజ కాయకు అంటుకుని ఉన్న మచ్చ దగ్గర్నుంచే లోపలికి వెళుతుంది. తెల్లారాక చేత్తో కలిపి చూస్తే చాలా గింజలు ఉబ్బి, తొక్క ముడతలు విడి ఉంటాయి. అక్కడక్కడ కొన్ని మాత్రం నిన్నటి సైజులోనే, నున్నగా, మెరుస్తూ ఉంటాయి. వాటికి నీరు పట్టలేదు, పట్టదు కూడా. ఏరి పక్కన పెట్టండి.

ఉప్పు ముందే వేస్తే గట్టిపడతాయంటారు, నిజమేనా?

కాదు. పైగా నానబెట్టే నీళ్ళలో లీటరుకు రెండు టీస్పూన్ల ఉప్పు కలిపితే గింజ ఇంకా తొందరగా ఉడుకుతుంది. ఉప్పులోని సోడియం తొక్కలోని కాల్షియాన్ని కొంత తప్పించి ఆ చోట కూర్చుంటుంది. తెల్లారాక ఆ నీళ్ళు వంపేసి, ఒకసారి కడిగి, కొత్త నీళ్ళలో ఉడికించుకోండి. వంపేయడం వల్ల ఇంకో లాభం ఉంది, చివర చెబుతాను.

తినేసోడా కూడా పనిచేస్తుంది. క్షారంలో పెక్టిన్ ఇట్టే విడిపోతుంది. కానీ చిటికెడు దాటితే చారుకు సబ్బు వాసన వస్తుంది, బి1 విటమిన్ కూడా పాడవుతుంది. నా మాట అడిగితే, మంచి నీళ్ళు దొరికే ఇంట్లో సోడాతో పనిలేదు.

అసలు తప్పు జరిగేది చింతపండు దగ్గర. పులుపులో పెక్టిన్ బిగుసుకుని ఉంటుంది. సగం ఉడికిన ఉలవల్లో చింతపండు పులుసు పోస్తే ఆ సగం దగ్గరే ఆగిపోతాయి. టమాటా కూడా అంతే. గింజను బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పెట్టి నొక్కితే పలుకు తగలకుండా పిండి కావాలి, ఆ తర్వాతే పులుపు.

కుక్కర్లో ఎలా? విజిళ్ళు లెక్కపెట్టడం వల్ల లాభం లేదు. ఒక్కో కుక్కరు ఒక్కోలా కూస్తుంది, మంట పెద్దదైతే ఎక్కువసార్లు కూస్తుంది. మూత బిగించిన కుక్కర్లో నీరు 120 డిగ్రీల దగ్గరికి చేరుతుంది, మామూలు గిన్నెలో 100 దాటదు. ఆ ఇరవై డిగ్రీలు ఎంతసేపు నిలిచాయన్నదే లెక్క. పావుకిలో నానిన ఉలవలకు రెండు లీటర్ల నీళ్ళు పోసి, కుక్కరు చిన్నదైతే రెండు వాయిలుగా పెట్టి, మొదటి విజిల్ వచ్చాక మంట బాగా తగ్గించి నలభై నిమిషాలు ఉంచండి. ఆవిరి దానంతటదే దిగాక మూత తీయండి.

ఇక చారు. ఉడికిన ఉలవలను వడకడితే కింద దిగేది కట్టు, పైన మిగిలేవి గుగ్గిళ్ళు. చారు చిక్కదనం ఆ కట్టులోకి దిగిన పిండి పదార్థం మీద ఆధారపడుతుంది. రెండు గరిటెల గుగ్గిళ్ళు మెత్తగా రుబ్బి కట్టులో కలిపితే చిక్కదనానికి లోటుండదు, శనగపిండి, మైదా కలపాల్సిన అగత్యం రాదు. నిమ్మకాయంత చింతపండు పులుసు, ఉప్పు, పసుపు, చీల్చిన పచ్చిమిర్చి, ఉల్లిపాయ చీలికలు, చిన్న బెల్లం ముక్క వేసి సన్నటి సెగ మీద ముప్పావుగంట మరగనివ్వండి. అడుగంటే రకం కాబట్టి దగ్గరే ఉండి కలుపుతుండాలి. గరిటె వెనక వేలితో గీత గీస్తే ఆ గీత కలవకుండా నిలిచినప్పుడు దించి ఆవాలు, జీలకర్ర, ఎండుమిర్చి, దంచిన వెల్లుల్లి, కరివేపాకు, ఇంగువతో తాలింపు పెట్టండి. రేపటికి చారు ఇంకా గడ్డకట్టినట్టవుతుంది. చల్లారేకొద్దీ పిండి పోగులు మళ్ళీ దగ్గరికి చేరతాయి కాబట్టే అలా. కొంచెం వేడినీళ్ళు కలిపి కాచుకుంటే సరి.

చారులో మీగడ ఎందుకు వేసుకుంటారు? ఉలవ తొక్కలో వగరు ఉంటుంది, మరిగేకొద్దీ అది చారులోకి దిగుతుంది. మీగడలోని పాల మాంసకృత్తులు ఆ వగరును పట్టేస్తాయి, కొవ్వు నాలుకకు నునుపునిస్తుంది. పెళ్ళిభోజనాల్లో ఇది మర్యాదలా కనిపించినా, రుచికి పనికొచ్చే మర్యాదే.

కడుపుబ్బరం సంగతి. ఉలవల్లో, రాజ్మాలో, అలసందల్లో కొన్ని చక్కెరలుంటాయి. వాటిని విరగ్గొట్టే ఎంజైము మన పేగుల్లో లేదు. అవి పెద్దపేగుదాకా వెళ్ళి అక్కడి సూక్ష్మజీవులకు ఆహారమై గ్యాసు పుట్టిస్తాయి. నానిన నీళ్ళు వంపేస్తే అందులో కొంత పోతుంది. మొలకెత్తించి వండితే ఇంకొంత తగ్గుతుంది. రాజ్మా వండేవాళ్ళకు మాత్రం ఒక మాట, ముఖ్యంగా అమెరికాలో స్లో కుక్కరు వాడే మన పిల్లలకు. పచ్చి ఎర్ర రాజ్మాలో లెక్టిన్ అనే విషపదార్థం ఉంటుంది. సన్నని వేడికి అది చావదు. నానబెట్టిన నీళ్ళు పారబోసి, వేరే నీళ్ళలో కనీసం అరగంట తెర్లకాగాక గానీ స్లో కుక్కర్లో వేయొద్దు.

ఉలవలతో కిడ్నీలో రాళ్ళు కరుగుతాయన్న మాట ఆయుర్వేదంలోనూ ఉంది, ఇళ్ళలోనూ ఉంది. చారు భోజనం, రాయి రోగం. రాయికి డాక్టరు దగ్గరికే వెళ్ళాలి. కిడ్నీ సరిగా పనిచేయని వాళ్ళు ఉలవచారు తాగేముందు కూడా అడగాలి, పొటాషియం ఎక్కువ.

చివరగా బలం మాట. వంద గ్రాముల ఉలవల్లో దాదాపు 22 గ్రాముల మాంసకృత్తులు ఉంటాయి. ఆ బలమంతా చారులోనే ఉందని చాలామంది నమ్మకం. కాదు. పిండి, ఖనిజాలు, కొంత మాంసకృత్తు కట్టులోకి దిగుతాయి గానీ, అసలు సరుకు గుగ్గిళ్ళలోనే నిలుస్తుంది. పూర్వం బండలాగే ఎడ్లకు ఉలవలు ఉడకేసి, గుగ్గిళ్ళు వాటికి పెట్టి, వంచిన కట్టుతో ఇంట్లో చారు కాచుకునేవాళ్ళు. ఆ పంపకంలో పెద్ద వాటా ఎద్దుదే. ఇప్పుడు మన ఇళ్ళలో ఎద్దు లేదు, గుగ్గిళ్ళు మాత్రం చెత్తబుట్టకు పోతున్నాయి. సగం రుబ్బి చారులో కలపండి, సగం ఉల్లిపాయతో తాలింపు వేసి పిల్లలకు సాయంత్రం పెట్టండి.