తెర వెనుక శిల్పి: కళాదర్శకుడు

గత సంవత్సరం మన కళాశాల వార్షికోత్సవంలో ఒక చారిత్రక నాటకం ప్రదర్శించాం. తెర లేవగానే కోటగోడ, కమాను, దూరాన ఒక మీనారు కనిపించి సభ కరతాళధ్వనులతో మారుమ్రోగింది. అట్టపెట్టెలు, గోనెపట్టాలు, సున్నం, రంగుపొడులతో ఆ కోటను నిర్మించిన విద్యార్థి అప్పుడు తెర ప్రక్కన తాడు పట్టుకొని నిలబడి ఉన్నాడు. బహుమతుల జాబితా వ్రాసినవారం మేమే. అందులో అతని పేరు లేదు. ఆ లోపమే ఈ వ్యాసానికి ప్రేరణ.

చలనచిత్రంలో ఈ బాధ్యత వహించేవాడు కళాదర్శకుడు. 1939లో వెలువడిన ‘గాన్ విత్ ది విండ్’ చిత్రానికి విలియం కామెరాన్ మెంజీస్ చేసిన కృషితో ‘ప్రొడక్షన్ డిజైనర్’ అనే పేరు ప్రసిద్ధికి వచ్చింది. కట్టడాలనే గాక, చిత్రమంతటి రూపాన్నీ వర్ణసంయోజననూ ముందుగా ఊహించేవాడని దాని భావం.

కళాదర్శకుని పని కథా పఠనంతో మొదలవుతుంది. ఏ కాలం, ఏ ఋతువు, పాత్రల స్థితిగతులెట్టివి అని విచారించి ఆయన చిత్తరువులు గీస్తాడు. పిదప కొలతలతో పటాలు వేసి వడ్రంగులకు, అచ్చుపనివారికి, రంగులవారికి అప్పగిస్తాడు. కెమెరా కదలడానికి వీలుగా కొన్ని గోడలను తొలగించదగినట్లు కట్టిస్తాడు. పేదవాని ఇల్లయితే క్రొత్త గోడకు మసి, చెమ్మ మరకలు పూయిస్తాడు. ఇదంతా నిర్మాత ఇచ్చిన ధనానికీ గడువుకూ లోబడి జరగాలి.

మన ‘మాయాబజార్’ (1957)నే తీసుకొందాం. దాని కళాదర్శకులు మాధవపెద్ది గోఖలే, కళాధర్. గోఖలే చిత్రకారుడే గాక కథారచయిత కూడా. ద్వారకా నగరాన్ని చూపడానికి 50 అడుగులు, 60 అడుగులు గల స్థలంలో సుమారు 300 చిన్న ఇండ్లు నిర్మించి దీపాలమర్చారు. కెమెరాకు కొలత తెలియదు, నిష్పత్తి మాత్రమే తెలుసు. ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లే కెమెరా ముందు ఆ బొమ్మ ఇండ్లే మహానగరమైనాయి.

ఉర్దూ విద్యార్థులకు ‘మొఘల్-ఎ-ఆజమ్’ (1960) సుపరిచితం. దాని కళాదర్శకుడు ఎం.కె. సయ్యద్. బొంబాయిలోని మోహన్ స్టూడియోలో నిర్మించిన శీష్ మహల్ 150 అడుగుల పొడవు, 80 అడుగుల వెడల్పు, 35 అడుగుల ఎత్తు గలది. నిర్మాణానికి దాదాపు రెండేళ్లు పట్టింది. అయితే వేలకొలది అద్దాలలో దీపకాంతి ప్రతిఫలించి చిత్రీకరణ దుర్ఘటమైంది. ఛాయాగ్రాహకుడు ఆర్.డి. మాథుర్ కాంతిని నేరుగా ప్రసరింపజేయక, వస్త్రాలపై పడనిచ్చి, ఆ ప్రతిఫలనంతో చిత్రీకరించారు. ఒకరి కళ మరొకరి సహకారం లేనిదే రాణించదనడానికి ఇది నిదర్శనం.

సెట్టు రాతికట్టడం కాదు. చిత్రీకరణ ముగియగానే కూలగొడతారు. శిల్పికి తన శిల్పం మిగులుతుంది, కళాదర్శకునికి మిగిలేది తెరపై నీడ, పేర్ల పట్టికలో ఒక పంక్తి. ఆ పంక్తి వచ్చేసరికి మనలో చాలామందిమి ఇంకా కుర్చీలు వెదుక్కొంటూ ఉంటాం!

కనుక కళాశాల కార్యవర్గానికి మా విన్నపం ఒక్కటే. రాబోయే వార్షికోత్సవ కార్యక్రమ పత్రంలో నటుల పేర్ల సరసన రంగాలంకరణ చేసినవారి పేర్లు కూడా ముద్రింపించండి. మొదటి పేరు మేమే వ్రాసి ఇస్తాం.