పదవీ విరమణ ప్రయోజనాలు – కోర్టు ఉత్తర్వుల అమలు – ధిక్కార చట్టం

పదవీ విరమణ చేసిన ఉద్యోగికి పింఛను, గ్రాట్యుటీ, కమ్యుటేషన్, సంపాదిత సెలవుల నగదు సకాలంలో అందకపోతే ఆ కుటుంబం ఎదుర్కొనే ఇబ్బందులు ఇన్నీ అన్నీ కావు. హైకోర్టును ఆశ్రయించి అనుకూలమైన ఉత్తర్వు పొందిన తరువాత కూడా సొమ్ము చేతికి రానప్పుడు వివాదం కోర్టు ధిక్కారం వరకు వెళుతున్నది. ఈ విషయంలో చట్టం ఏమి చెబుతున్నదో సంబంధిత అధికారులు తెలుసుకోవలసిన అవసరం ఎంతైనా ఉంది.

పింఛను ప్రభుత్వ దయాదాక్షిణ్యాలపై ఆధారపడినది కాదని, ఉద్యోగి హక్కు అని సుప్రీంకోర్టు 1971లో దేవకీనందన్ ప్రసాద్ కేసులోను, 1982 డిసెంబరు 17న నకారా కేసులోను స్పష్టం చేసింది. చెల్లింపులో దోషపూరితమైన జాప్యం జరిగితే వడ్డీ చెల్లించాలని 1984లో కేరళకు చెందిన కేసులో తీర్పు చెప్పింది. 2020లో ఆంధ్రప్రదేశ్‌లో వాయిదా వేసిన జీతాలు, పింఛన్ల విషయంలో హైకోర్టు విధించిన 12 శాతం వడ్డీని 2021 ఫిబ్రవరి 8న 6 శాతానికి తగ్గించినప్పటికీ, వడ్డీ బాధ్యతను మాత్రం తొలగించలేదు.

ధిక్కారం అనగా

కోర్టు తీర్పును, ఉత్తర్వును బుద్ధిపూర్వకంగా ఉల్లంఘించడం, కోర్టుకు ఇచ్చిన హామీని బుద్ధిపూర్వకంగా తప్పడం సివిల్ ధిక్కారమని 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం 2(బి) సెక్షన్ నిర్వచిస్తున్నది. 12వ సెక్షన్ కింద 6 నెలల వరకు సాధారణ జైలు శిక్ష, 2,000 రూపాయల వరకు జరిమానా లేదా రెండూ విధించవచ్చు. కోర్టుకు సంతృప్తి కలిగించే క్షమాపణ చెప్పినట్లయితే శిక్షను రద్దు చేసే వీలున్నది. ఉల్లంఘన జరిగిన నాటి నుండి ఏడాది లోపున చర్య ప్రారంభం కావాలని 20వ సెక్షన్ నిర్దేశిస్తున్నది.

అప్పీలు వేరు, స్టే వేరు

అప్పీలు దాఖలు చేసినంత మాత్రాన కింది ఉత్తర్వు నిలిచిపోదు. స్టే లభించనంతవరకు ఆ ఉత్తర్వు అమలులో ఉన్నట్లే. ఫైలు ఒక కార్యాలయం నుండి మరొక కార్యాలయానికి తిరుగుతుండగా గడువు ముగియడమే అనేక సందర్భాలలో చిక్కులకు మూలం. గడువు చాలదని భావించినప్పుడు అది ముగియక ముందే కోర్టును పొడిగింపు కోరడం శ్రేయస్కరం.

విరమణ నాటికి శాఖాపరమైన లేదా న్యాయపరమైన విచారణ పెండింగులో ఉంటే 1980 నాటి ఆంధ్రప్రదేశ్ సవరించిన పింఛను నిబంధనలలోని 52వ నిబంధన ప్రకారం తాత్కాలిక పింఛను మంజూరు చేసి, గ్రాట్యుటీని నిలుపుదల చేస్తారు. ఇటువంటి కారణం ఉన్నప్పుడు రిట్ పిటిషన్ దశలోనే కౌంటరు అఫిడవిట్ ద్వారా కోర్టు దృష్టికి తేవాలి. నిబంధనల ఆధారం లేకుండా కేవలం పరిపాలనా సూచనలతో పింఛను, గ్రాట్యుటీలను నిలిపివేయరాదని 2013లో జార్ఖండ్ కేసులో సుప్రీంకోర్టు పేర్కొన్నది.

ధిక్కార అధికారానికి పరిమితులు

ధిక్కార విచారణలో కోర్టు అసలు ఉత్తర్వును దాటి కొత్త ఆదేశాలు ఇవ్వజాలదు. “దరఖాస్తును పరిశీలించండి” అని ఆదేశించినప్పుడు అధికారి పరిశీలించి, కారణాలతో తిరస్కరిస్తే, ఆ నిర్ణయాన్ని విశ్రాంత ఉద్యోగి విడిగా సవాలు చేయవలసి ఉంటుందని 1996లో పరిహార్ కేసు తీర్పు తెలుపుతున్నది.

విశ్రాంత న్యాయమూర్తుల సదుపాయాల వివాదంలో 2023 ఏప్రిల్‌లో అలహాబాద్ హైకోర్టు ఉత్తరప్రదేశ్ ఆర్థిక శాఖ అధికారులను కస్టడీలోకి తీసుకోవలసిందిగా ఆదేశించింది. సుప్రీంకోర్టు 2024 జనవరి 3న ఆ ఉత్తర్వులను రద్దు చేస్తూ, చట్టపరమైన మార్గంలో ఉత్తర్వును సవాలు చేయడం ధిక్కారం కాదని పేర్కొన్నది. అధికారుల హాజరు అవసరమైనప్పుడు తొలుత వీడియో కాన్ఫరెన్స్ అవకాశం ఇవ్వాలని మార్గదర్శకాలు జారీ చేసింది.

ఉత్తర్వు ప్రతి అందిన నాడే గడువు తేదీని నమోదు చేసి, అమలు చేయడమా, స్టే పొందడమా అన్నది గడువు లోపే నిర్ణయించినట్లయితే అధికారికి ధిక్కార కేసు తప్పుతుంది, విశ్రాంత ఉద్యోగికి రెండవసారి కోర్టు మెట్లెక్కే శ్రమ తప్పుతుంది.