ఒక్కరోజు అరకు యాత్ర: చుట్టం చూసేదెంత, కొండకు మిగిలేదెంత?

అరకులోయ: వలిసెలు పూసి మెట్టలన్నీ పసుపు ఆరబోసినట్టు కనిపించే రోజులు వచ్చాయంటే మన కొండలకు చుట్టాల తాకిడి మొదలవుతుంది. విశాఖపట్నంలో పొద్దున్నే బయలుదేరే కిరండూల్ రైలు ఆ రోజుల్లో కాలు పెట్టే సందు లేకుండా వస్తుంది. అరకులో దిగేవారిలో చాలామంది పొద్దున వచ్చి రాత్రికి ఇల్లు చేరుకునేవారే. వారికి మన లోయలో దొరికేది ఐదారు గంటలు. ఆ కాస్త సమయంలోనే మ్యూజియం, తోటలు, ధింసా, కాఫీ, బొర్రా గుహలు అన్నీ చుట్టేయాలి.

ఇది యాత్రికుల సంగతి మాత్రమే అనుకుంటే పొరపాటు. చూడవచ్చిన వారికి చూపేది మన ఇల్లు, మన ఆట, మన పాట. వచ్చినవారు అందులో ఎంత చూస్తున్నారు? వారు దిగిపోయాక కొండకు ఏం మిగులుతోంది? ఈ రెండు ప్రశ్నలూ గ్రామసభల్లో చర్చకు రావలసినవే.

ఇనుము కోసం వేసిన దారి

ఈ రైలు దారి యాత్రికుల కోసం వేసింది కాదు. బైలడిలా కొండల్లోని ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకు దించి జపానుకు ఎగుమతి చేయాలని 1960లో ఒప్పందం కుదిరింది. ఆ పని కోసం కొత్తవలస నుంచి కిరండూల్ వరకు సుమారు 445 కిలోమీటర్ల మేర కొండలను తొలిచి, గెడ్డల మీద వంతెనలు కట్టి, 1960వ దశకంలోనే పట్టాలు వేశారు. మొత్తం దారిలో 58 సొరంగాలు ఉన్నాయి. పెద్ద వంతెనలు 80కి పైమాటే. ఘాట్ భాగంలో చాలాచోట్ల అరవై అడుగులు ముందుకు సాగితే బండి ఒక అడుగు పైకి లేస్తుంది. వినడానికి ఇది స్వల్పమే అనిపించినా, బరువైన రైలుకు అది నిట్టనిలువు కొండతో సమానం.

ఈ దారిలో ఖనిజానిదే పెద్దపీట. ఖనిజం నింపుకున్న గూడ్సు బళ్లు దిగువకు దిగుతుంటే, ఖాళీ వ్యాగన్లు ఎగువకు ఎక్కుతుంటాయి. వాటికి దారి ఇవ్వడానికి ప్రయాణికుల బండి నడుమ ఏదో ఒక స్టేషనులో ఆగి ఉండడం మామూలు విషయం. విశాఖ నుంచి అరకుకు దాదాపు నాలుగు గంటలు పట్టడానికి ఘాట్ ఎక్కుడుతో పాటు ఇదీ ఒక కారణం.

శృంగవరపుకోట, బొడ్డవర దాటి శివలింగపురం వచ్చేసరికి మైదానం వెనకబడుతుంది. అక్కడి నుంచి త్యాడ, చిమిడిపల్లి, బొర్రా గుహలు, కరకవలస, శిమిలిగూడ స్టేషన్ల మీదుగా బండి అరకు చేరుతుంది. సొరంగంలోకి వెళ్లినప్పుడల్లా పిల్లలు వేసే కేకలు ఈ ప్రయాణంలో సగం సంబరం. శిమిలిగూడ స్టేషను సముద్ర మట్టానికి సుమారు 996 మీటర్ల ఎత్తున ఉంది. బ్రాడ్ గేజ్ స్టేషన్లలో దేశంలోకెల్లా ఎత్తయినదిగా దీనికి చాలాకాలం పేరుండేది. కాశ్మీరు లోయలో రైలు మొదలయ్యాక ఆ ఘనత అటు వెళ్లిపోయింది.

2017 ఏప్రిల్ నుంచి ఈ బండికి అద్దాల పైకప్పు ఉన్న విస్టాడోమ్ పెట్టె తగిలించారు. మొదట తగిలించిన ఆ పెట్టెలో చుట్టూ తిరిగే 40 కుర్చీలు ఉండేవి. దానికి టిక్కెట్టు ఖరీదు ఎక్కువ. అయితే మామూలు పెట్టెలో కిటికీ పక్కన చోటు దొరికినా కొండలు అవే, జలపాతాలు అవే.

గైడు వెంట ఒక పూట

రాష్ట్ర పర్యాటకాభివృద్ధి సంస్థ ఏళ్ల తరబడి 'రైలు-రోడ్డు' యాత్ర పేరిట ఈ ఒక్కరోజు ప్రయాణాన్ని నడుపుతూ వచ్చింది. వెళ్లేటప్పుడు రైలు, తిరిగి వచ్చేటప్పుడు బస్సు, వెంట ఒక గైడు, మధ్యలో భోజనం ఇందులోని ఏర్పాట్లు. అరకులో దిగగానే గిరిజన మ్యూజియం, పద్మాపురం తోటలు చూపుతారు. భోజనం, ధింసా నృత్యం ముగిశాక బస్సు ఎక్కించి గాలికొండ, అనంతగిరి కాఫీ తోటల మీదుగా బొర్రా గుహలకు తీసుకువెళ్తారు. చీకటి పడ్డాక విశాఖ చేరుస్తారు.

పద్మాపురం తోట వెనుక ఉన్న కథ చాలామందికి తెలియదు. రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో, 1942లో, సైనికులకు కూరగాయలు పండించడానికి ఈ తోట వేశారు. యుద్ధం ముగిసింది, కూరమళ్లు పోయి పూలమళ్లు వచ్చాయి. ఇప్పుడక్కడ చెట్ల మీద కట్టిన గుడిసెలు, పిల్లల రైలు యాత్రికులను ఆకర్షిస్తున్నాయి.

గిరిజన మ్యూజియంలో మన ఇళ్ల నమూనాలు, వంట పాత్రలు, వేట సామగ్రి, నగలు, పెళ్లి తంతును చూపే బొమ్మలు కొలువుదీరి ఉన్నాయి. పట్నంవారు వాటిని వింతగా చూస్తారు. మన ఊళ్ల నుంచి వెళ్లినవారికి అందులో సగం వస్తువులు నిన్నమొన్నటి వరకు ఇంట్లో వాడినవే. ఇక్కడే గైడు పని కీలకమవుతుంది. విసుర్రాయిని చూపి "ఇది విసుర్రాయి" అని చెప్పి ముందుకు నడిచే గైడు ఉంటాడు. చోళ్లు ఎలా పండిస్తారో, అంబలి ఎలా కాస్తారో, ఆ రాయి ముందు కూర్చునేది ఎవరో చెప్పే గైడూ ఉంటాడు. మొదటివాడి వెంట తిరిగినవారికి గుర్తుండేది గది, రెండవవాడి వెంట తిరిగినవారికి గుర్తుండేది మనుషులు. ఈ రెండో రకం మాట చెప్పగలిగేది ఆ పని చేసిన ఇంటి పిల్లలే.

పది నిమిషాల ధింసా

యాత్రలో అందరూ ఎదురుచూసేది ధింసా. డప్పు, తుడుము, మోరి, కిరిడి, జోడుకొమ్ములు మోగగానే ఆడవారు ఒకరి వీపు వెనుక ఒకరు చేతులు కలిపి వరుస కడతారు. కాలి అందెల చప్పుడుతో ఆ వరుస పాములా మెలికలు తిరుగుతుంది. యాత్రికులు కూడా వరుసలో కలిసి నాలుగడుగులు వేసి ఫోటోలు దిగుతారు. పది, పదిహేను నిమిషాల్లో ఆట ముగుస్తుంది, బస్సు హారన్ కొడుతుంది.

చూసినవారు సంతోషంగానే వెళతారు. కాని తాము చూసినది ఒక పెద్ద కథలో ఒక ముక్క మాత్రమేనని వారికి చెప్పేవారు తక్కువ. ధింసా ఒక్కటి కాదు, అందులో ఎన్నో రకాలు ఉన్నాయి. బోడ ధింసా గ్రామదేవత కొలుపులో ఆడేది. నెమలి ఈకల కట్ట పట్టినవారు వరుసను నడిపిస్తారు. పోతర్ తోలా ఆకులు ఏరుకునే పనిని చూపుతుంది. భాగ్ ధింసా పులి పైబడినప్పుడు తప్పించుకునే తీరును చూపుతుంది. గొడ్డి బేటలో వంగి లేస్తూ ముందుకు సాగి, మళ్లీ వెనక్కి వస్తారు. కుండ ధింసాలో భుజంతో భుజాన్ని నెడుతూ ఆడతారు. బగత, వాల్మీకి, కొండదొర, పోర్జ, ఖోండు, కొటియా తెగలవారు చైత్ర మాసపు పండుగలకు, పెళ్లిళ్లకు ఆడే ఈ ఆటకు ఊరు ఊరంతా కదిలివస్తుంది. పొరుగూరివారిని ఆటకు పిలవడం, వారు వచ్చి ఆడడం, తరువాత కలిసి భోంచేయడం కూడా ఆటలో భాగమే. రెండు ఊళ్ల మధ్య మాట నిలిపేది అదే.

యాత్రికుల ముందు ఆడడం తప్పని ఎవరూ అనరు. దానివల్ల కళాకారుల చేతిలో నాలుగు రూపాయలు పడతాయి, పిల్లలు అడుగులు మరిచిపోకుండా ఉంటారు. అసలు చిక్కు మరొకటి ఉంది. రోజూ ఆడేది యాత్రికులు ఇష్టపడే ఒకటి రెండు రకాలే. మిగిలినవి పండుగ నాడైనా ఆడకపోతే పెద్దవారితోనే పోతాయి. పాటల సంగతి మరీ కష్టం. అడుగును చూసి నేర్చుకోవచ్చుగాని, మాట నోటి నుంచి నోటికి అందాలి.

కాఫీ తోట నుంచి గుహ దాకా

తిరుగు దారిలో అనంతగిరి కాఫీ తోటలు కనిపిస్తాయి. సిల్వర్ ఓక్ చెట్ల నీడన కాఫీ, ఆ చెట్లకే పాకిన మిరియాల తీగ. అరకు కాఫీ పేరిట 2017లో పారిస్ నగరంలో దుకాణం వెలిసింది. 2019లో అరకు అరబికా కాఫీకి భౌగోళిక గుర్తింపు దక్కింది. ఈ గుర్తింపు వచ్చాక వేరే చోట పండిన గింజకు ఆ పేరు పెట్టి అమ్మడం చట్టరీత్యా తప్పు. యాత్రికులు పొడి కొనేముందు అది ఎక్కడిదో అడగడం మన రైతుకు మేలు చేస్తుంది. 1956లో ఏర్పడిన గిరిజన సహకార సంస్థ దుకాణాల్లో కాఫీ, తేనె, మిరియాలు దొరుకుతాయి. వీలైతే సంతలో పసుపు, రాజ్‌మా, కొండచీపుళ్లు పండించినవారి చేతి నుంచే కొనవచ్చు.

చివరి మజిలీ బొర్రా గుహలు. గోస్తనీ నది నీరు సున్నపురాయిని యుగయుగాలుగా కరిగించగా ఏర్పడిన గుహలివి. పైకప్పు నుంచి చుక్క చుక్కగా రాలే నీటిలోని సున్నం పేరుకుని పైనుంచి ఊడల్లా, కింది నుంచి స్తంభాల్లా పెరుగుతుంది. పైకప్పు కంతలోంచి ఆవు లోపల పడిపోతే వెతుక్కుంటూ వెళ్లిన పశువుల కాపరికి శివలింగం కనిపించిందని స్థానికులు చెప్పుకుంటారు. శివరాత్రికి అక్కడ జాతర జరుగుతుంది.

బొర్రాకు మరో చరిత్ర కూడా ఉంది. ఈ ప్రాంతంలో గనుల లీజులు గిరిజనేతరులకు ఇవ్వడంపై 'సమత' అనే సంస్థ న్యాయస్థానానికి వెళ్లింది. షెడ్యూల్డు ప్రాంతాల్లో అలాంటి లీజులు చెల్లవని 1997 జులైలో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. గిరిజనుల భూమి గిరిజనేతరుల చేతికి పోకూడదన్న నిబంధన ప్రభుత్వ భూములకూ వర్తిస్తుందని స్పష్టం చేసింది. దేశమంతటా గిరిజన ప్రాంతాలవారు నేటికీ చెప్పుకునే ఆ తీర్పుకు పుట్టినిల్లు మన బొర్రా. గుహలో రంగు దీపాలు చూపే గైడు ఈ ఒక్క మాట కూడా చెబితే యాత్రికులు కొండను మరో కంటితో చూస్తారు.

చేయవలసినది

1996లో వచ్చిన పెసా చట్టం తమ ఆచారాలను, సాంస్కృతిక గుర్తింపును, ఉమ్మడి వనరులను కాపాడుకునే శక్తి గ్రామసభకు ఉందని చెబుతోంది. మన రాష్ట్రంలో దాని నియమాలు 2011లో వచ్చాయి. కనుక ధింసా ఎక్కడ ఆడాలి, ఏది యాత్రికులకు చూపాలి, ఏది కొలుపుకే ఉంచుకోవాలి, కళాకారులకు ఎంత ముట్టాలి అన్నవి గ్రామసభ కూర్చుని మాట్లాడుకోదగిన విషయాలు. గుహల వద్ద, మ్యూజియం వద్ద వసూలయ్యే టిక్కెట్ల సొమ్ములో స్థానిక పంచాయతీకి ఎంత చేరుతోందో ఏటా బోర్డు మీద రాసి పెడితే అనుమానాలకు తావుండదు. గైడు పనికి స్థానిక యువతీ యువకులకు తర్ఫీదు ఇచ్చి, వారికే ముందు చోటు కల్పించాలి. ఆశ్రమ పాఠశాలల్లో వారానికొక గంట పెద్దవారిని పిలిచి పాటలు, అడుగులు నేర్పిస్తే ఖర్చు స్వల్పం, ఫలితం పెద్దది.

మైదానం నుంచి వచ్చే మన జిల్లా సోదరులకూ, పొరుగువారికీ కొన్ని మాటలు. బండి వేళలు, ఛార్జీలు మారుతుంటాయి కనుక బయలుదేరేముందు స్టేషనులో విచారించుకోవాలి. వానాకాలంలో కొండరాళ్లు పట్టాల మీద పడి రైళ్లు ఆగిన సందర్భాలు ఉన్నాయి కాబట్టి చేతిలో కాస్త వ్యవధి ఉంచుకోవాలి. ఫోటో తీసేముందు అక్కనో, అవ్వనో ఒక్క మాట అడగాలి. తెచ్చిన ప్లాస్టిక్ సంచులను, సీసాలను గెడ్డల్లో వదలకుండా తిరిగి పట్టుకుపోవాలి. అన్నీ ఒకే రోజు చూడాలన్న తొందర మానుకుని, రెండు చోట్లయినా నిదానంగా చూడడం మేలు.

ఇనుము దించుకోవడానికి వేసిన దారి మీద నేడు మనుషులు ఎక్కి వస్తున్నారు. ఖనిజం ఒకసారి దిగిపోతే మళ్లీ రాదు. చుట్టం అలా కాదు, మర్యాద దొరికితే మళ్లీ వస్తాడు. వచ్చిన చుట్టానికి ఆటతో పాటు దాని అర్థం కూడా చెప్పే ఏర్పాటు, ఆడినవారికి న్యాయంగా ముట్టే ఏర్పాటు జరగాలి. వచ్చే చైత్రం పండుగలలోగా అధికారులు, పంచాయతీలు కలిసి కూర్చుని ఈ విషయమై ఒక నిర్ణయానికి రావడం ఎంతైనా అవసరం.