మీకు తెలుసా? కొంగ చుట్టం, ఎలుగు వెలి

శ్రీకాకుళం జిల్లా టెక్కలి దగ్గరి తేలినీలాపురంలో ఏటా చింతచెట్ల మీద గూడబాతులు, రంగు కొంగలు గూళ్లు కడతాయి. పురిటికొచ్చిన ఆడపడుచుల్లా చూసుకుంటారు ఊరివాళ్లు. ‘సైబీరియా పక్షులు’ అని అందరూ అంటారు గానీ, ఈ గూడబాతులకు సైబీరియాతో సంబంధమే లేదు. అవి దక్షిణాసియా పక్షులే!

అదే జిల్లాలోని తోటల ప్రాంతం ఉద్దానంలో ఎలుగుబంటికి మాత్రం ఊరి పొలిమేరలో కూడా చోటు లేదు. నిజానికి దాని తిండి చెదలు, చీమలు, తేనె, పళ్లు. పై దవడలో ముందుపళ్లు రెండు ఉండవు. ఆ సందులోంచే చెదపురుగుల్ని సర్రున పీల్చేస్తుంది. పిల్లల్ని వీపు మీద మోసుకు తిరుగుతుంది. జీడిపళ్లు, పనసపళ్లు పండితే వాసన పట్టి తోటల్లోకి దిగుతుంది. తోటపనికి వెళ్లినవాళ్లకు ఎదురయ్యేది అక్కడే.

2018 జూన్‌లో సోంపేట మండలం ఎర్రముక్కాంలో ఎలుగు దాడికి భార్యాభర్తలు బలయ్యారు. ఊరివాళ్లు దాన్ని కొట్టి చంపారు. 2022లో వజ్రపుకొత్తూరు మండలం కిడిసింగిలోనూ ఒక రైతు చనిపోయాడు. ఆ ఎలుగును పట్టుకున్నారు గానీ, అదీ బతకలేదు. తప్పు ఎవరిదని తేల్చడం కష్టం. చట్టం ప్రకారం మాత్రం ఎలుగు పులితో సమానంగా రక్షణ ఉన్న జంతువు.

ఎలుగు చాలావరకు ఉలిక్కిపడే దాడి చేస్తుంది. కాబట్టి తెల్లవారుజామున తోటకు ఒంటరిగా వెళ్లకండి. నలుగురు కలిసి, గట్టిగా మాట్లాడుకుంటూ వెళ్లండి.