మర్దూకు వాహనము
బెర్లిను మ్యూజియములోని ఒక లేని మృగము చరిత్ర

దాని దేహము సన్నగా సాగి పొలుసులతో కప్పబడియుండును. నిడుపాటి మెడ చివర పాము తల, తలపై నిటారుగా కొమ్ము, నోట చీలిన నాలుక. ముందరి కాళ్లు సింహమువి, వెనుకటి కాళ్లు గ్రద్దవి, తోక కొసను తేలుకొండి. బాబిలోనియనులు దీనిని ముష్‌హుష్షు అనిరి. బెర్లిను నగరమున స్ప్రే నది నడుమనున్న మ్యూజియముల ద్వీపమందు, పెర్గామన్ మ్యూజియము దక్షిణ భాగమున, సుమారు 14 మీటర్ల యెత్తున నిలిచిన ఇష్తారు ద్వారముపై, నీలిగాజు పూసిన ఇటుకలమీద, ఎద్దుల వరుసయు ఈ మృగముల వరుసయు ఒకదానిపై నొకటిగా సాగుచుండును. ద్వారమునకు పోవు ఊరేగింపు వీథి గోడలపైన సింహములు. సింహము ఇష్తారు దేవిది, ఎద్దు వర్షాధిపతియగు అదదుది, ముష్‌హుష్షు నగరాధిదేవతయైన మర్దూకుది. దేవుడన్నంతనే ఆయన వాహనమేదని యడుగు మనకు ఈ యేర్పాటు వింతగా తోచదు.

జంతుశాస్త్రజ్ఞుడు ఏ ప్రాణిని గూర్చియైనను మొదట విచారించునది దాని పుట్టుచోటు, దాని ఆశ్రయము. ఆ విచారణకు ఈ లేని మృగము ఉన్న మృగములకంటె చక్కగా లొంగుచున్నది. క్రీస్తుకు పూర్వము మూడవ సహస్రాబ్ది చివరి శతాబ్దులనాటికే దీని రూపము మెసొపొటేమియా శిల్పులకు తెలియును. ఆదిలో ఇది నినాజు అను దేవుని కొలిచినది, పిదప ఎష్నున్నా నగర దేవుడగు తిష్పాకును ఆశ్రయించినది, క్రీ.పూ. 18వ శతాబ్దిలో హమ్మురాబి ఆ నగరమును జయించిన తరువాత బాబిలోను చేరి మర్దూకు పాదములకడ నిలిచినది. క్రీ.పూ. 689లో అస్సిరియా రాజు సన్హెరీబు బాబిలోనును నేలమట్టము గావించిన పిమ్మట అషూరు దేవుని కొలువునందును కనబడినది. రాజ్యములు మారినకొలది యజమానులు మారిరి గాని దాని కాళ్లును కొమ్మును మారలేదు. సృష్టికథలో తియామతు అను సముద్రమాత మర్దూకుపై యుద్ధమునకై కన్న భూతములలో ఇదియు నొకటి. ఓడిన శత్రువే గెలిచినవాని వాహనమగుట మనకు క్రొత్తగాదు. సూరపద్ముడు కుమారస్వామికి నెమలి యైనాడని వినుచునే యున్నాము గదా!

ఇప్పుడు ఈ మృగమునకు ప్రాణము పోయ యత్నించిన పండితుని కథకు వత్తము. రాబర్టు కోల్డెవై 1855లో పుట్టి, వాస్తుశాస్త్రము చదివి, బెర్లినులోని జర్మను ప్రాచ్య పరిశోధక సంఘము పక్షమున 1899 మొదలు 1917 వరకు బాబిలోను దిబ్బలను త్రవ్వించినవాడు. రెండవ నెబుకద్నెజరు (క్రీ.పూ. 605-562) కట్టించిన ద్వారమును వెలికితీసినది ఆయనయే. ఇట్టి నిశితబుద్ధి కలవాడు 1913లో అచ్చువేసిన గ్రంథమున, ముష్‌హుష్షు కేవల కల్పన కాదేమో, ఏదో నిజమైన సరీసృపమును చూచి చెక్కినదేమో యని వ్రాసెను. ఆయన వాదము తేలికగా త్రోసివేయదగినది కాదు. తక్కిన విచిత్రమృగములు కాలముతో పాటు రూపము మార్చుకొనగా ఇది మాత్రమేల యుగయుగములు ఒక్కతీరుననే యున్నది? దాని ప్రక్కనున్న ఎద్దును సింహమును లోకమున మసలినవే గదా, మూడవది మాత్రమేల కల్లయగును? దానియేలు ప్రవక్త కీలు, క్రొవ్వు, వెండ్రుకలు కలిపి ఉండలుగా పెట్టి బాబిలోను మహాసర్పమును చంపెనను కథనుబట్టి, పూజారులు ఏదో సరీసృపమును గుడిలోని చీకటిగదిలో నుంచి భక్తులకు చూపియుందురని కూడ ఆయన ఊహించెను. 1918 నాటికి మరింత ముందుకుపోయి, పక్షిపాదముల పోలికనుబట్టి దీనికి దగ్గరి చుట్టము ఇగ్వానొడాను అను డైనోసారని తేల్చెను.

ఆ కాలపు గాలియే అట్టిది. కోల్డెవై బాబిలోనున ఇటుకలు లెక్కించుచుండగా, 1909-1913 నడుమ బెర్లిను ప్రకృతిశాస్త్ర మ్యూజియమువారు తూర్పు ఆఫ్రికాలోని టెండగూరు కొండవద్ద రాక్షసబల్లుల ఎముకలను త్రవ్వించుచుండిరి. వానినుండి నిలబెట్టిన జిరాఫటైటాను అస్థిపంజరము, 13.27 మీటర్ల యెత్తున, ఇప్పటికిని ఆ మ్యూజియము మధ్యశాలలో నున్నది. అంతటి జంతువు ఒకప్పుడు నడచెనని కన్నులార చూచుచున్న తరమునకు ముష్‌హుష్షు నడచెననుట యెంతమాత్రము? కాని ఇగ్వానొడాను దాదాపు 12 కోట్ల యేండ్ల క్రిందనే అంతరించినది. బాబిలోను మనుష్యుడు దానిని చూచెననుట కుదరదు. బెర్లినులో 1906లో జన్మించి, రాకెట్లను గూర్చియు వింతజంతువులను గూర్చియు ఒకే ఉత్సాహముతో వ్రాసిన విల్లీ లై ఈ వాదమును సామాన్య పాఠకుల యింటికి చేర్చెను. అప్పటినుండి అది చావక, నమ్మబడక, సగము బ్రతుకుచున్నది.

కోల్డెవై ప్రశ్న మంచిదే. జవాబు వెదకినచోటు మాత్రము సరియైనది కాదని నా యభిప్రాయము. రూపము మారకుండుటకు ప్రాణి బ్రతికియుండ నక్కరలేదు. నియమము బ్రతికియున్న చాలును. మన శిల్పాగమములు దేవతకు ఎన్ని చేతులో, ఏ చేతిలో ఏ ఆయుధమో నిర్ణయించియుండుటచేతనే వేయి మైళ్ల యెడముననున్న ఇరువురు స్థపతులు, ఒకరినొకరు చూడకయే, ఒక్క మూర్తిని చెక్కగలిగిరి. బాబిలోనున పని మరింత కట్టుదిట్టమైనది: మృగము శరీరమును ఇటుకలుగా విభజించి, ఒక్కొక్క ముక్కను అచ్చుపోసి, పూతపూసి కాల్చి, గోడలో ఏది యెక్కడ అమరవలెనో తెలియుటకై గుర్తులు వేసిరి. నిజమైన జంతువును చూచి చెక్కువాడు దాని కదలికకు లొంగి కొంత మార్చును. అచ్చు ఎవరికిని లొంగదు.

ప్రక్కనున్న ఎద్దు సంగతియు చెప్పవలెను. అది ఆరాక్సు అను అడవియెద్దు. దాని చివరి ఆవు 1627లో పోలండులోని యాక్టొరువ్ అడవిలో చనిపోయినది. 1920ల నుండి జర్మను సోదరులు హైన్జు, లుట్జు హెక్కులు, ఒకరు మ్యూనికులోను ఒకరు బెర్లిను జంతుప్రదర్శనశాలలోను, పెంపుడు పశువులను జతపరచి ఆ యెద్దును తిరిగి పుట్టింప జూచిరి. పుట్టినవి హెక్కు పశువులని పిలువబడుచున్నవే గాని ఆరాక్సులు కాలేదు. పొడవునను పొంకమునను తక్కువే. వాటికంటె కోల్డెవై త్రవ్వి తీసి పెట్టెలలో నుంచిన ఇటుక పెంకులే నయము. వానిని తొట్లలో నీట నానబెట్టి ఉప్పు తీసి, ముక్కకు ముక్క జోడించి, చాలనిచోట క్రొత్త ఇటుక చేర్చి, వాల్టరు ఆంద్రే పర్యవేక్షణలో 1930 నాటికి ద్వారమును నిలిపిరి. 1925లో బెర్లినులోనే కన్నుమూసిన కోల్డెవై దానిని చూడలేదు. ద్వారము తమదేనని ఇరాకు కోరుచున్నది. ఆ కోరికలో న్యాయము లేదనజాలను.

మ్యూజియము మరమ్మతులకై 2023 అక్టోబరున పూర్తిగా మూయబడినది. ఉత్తరభాగము 2027లో తెరచినను, ద్వారమున్న దక్షిణభాగము 2037కు గాని తెరువబడదని ప్రకటించిరి. అంతవరకు వేచియుండలేనివారు ఇస్తాంబులు పురావస్తు మ్యూజియమునకో అమెరికాలోని డెట్రాయిటు కళా మ్యూజియమునకో పోవలెను. ముష్‌హుష్షు అచటికిని వలసపోయినది.