క్వొటిడియన్: రోజూ ఉండేది చులకనా?

ఇంగ్లీషులో ‘మామూలు’ అనే అర్థానికి మాటల కరువు లేదు. ఆర్డినరీ, కామన్, యూజువల్, నార్మల్ అనేవి ఆరో తరగతి పిల్లలకు కూడా తెలుసు. వీటి పక్కనే ఉంటూ అరుదుగా బయటికి వచ్చే మాట ఇంకొకటి ఉంది. అది ‘క్వొటిడియన్’. బస్టాండులో వినపడదు, అంగడిలో వినపడదు. పుస్తక సమీక్షల్లోనో, ఆదివారం వ్యాసాల్లోనో తగులుతుంది. పెద్ద తరగతుల పిల్లలు పోటీ పరీక్షల పదాల పట్టికలో దీన్ని చూసి, పక్కన ‘సాధారణం’ అని రాసుకుని ముందుకు పోతారు. ఆ అర్థం తప్పు కాదు కానీ సగమే. మిగతా సగం మన పిల్లలకు, ముఖ్యంగా తమిళనాడులో తెలుగు చదివే పిల్లలకు, చాలా పనికి వస్తుంది. అందుకే ఈ వారం దీన్ని ఎత్తుకున్నాము.

పలకడం ముందు చూద్దాం. ‘క్వొ-టి-డి-అన్’. ఒత్తు రెండో అక్షరం ‘టి’ మీద పడుతుంది. పుట్టింది లాటిన్‌లో. ‘క్వొట్’ అంటే ఎన్ని, ‘డియెస్’ అంటే రోజు. రెండూ కలిస్తే ‘ఎన్ని రోజులుంటే అన్ని రోజులూ’, అంటే ప్రతిరోజూ అని అర్థం. అక్కడి నుంచి పాత ఫ్రెంచి మీదుగా ఇంగ్లీషులోకి వచ్చింది. ప్రభువు ప్రార్థనను లాటిన్‌లో చెప్పేటప్పుడు రోజూ తినే రొట్టెకు వాడే విశేషణం ఈ మాటే. ఫ్రెంచిలోనూ ఇటాలియన్‌లోనూ దీని రూపాలకు ‘దినపత్రిక’ అనే అర్థం కూడా ఉంది. అంటే ఇప్పుడు మీ చేతిలో ఉన్న ఈ కాగితం కూడా ఒక క్వొటిడియనే.

ఇంగ్లీషులో ఈ మాట మొదట జ్వరాల దగ్గర బాగా వాడుకలో ఉండేది. పాతకాలపు వైద్యులు చలిజ్వరాన్ని అది తిరగబెట్టే వేళను బట్టి విడదీశారు. రోజూ వచ్చేది ఒకటి, రోజు విడిచి రోజు వచ్చేది ఒకటి, రెండు రోజులు విడిచి వచ్చేది ఒకటి. రోజూ వచ్చేదాని పేరు క్వొటిడియన్. షేక్‌స్పియర్ ‘యాజ్ యు లైక్ ఇట్’ నాటకంలో రోసలిండ్ ప్రేమ పట్టినవాడి స్థితిని ఈ జ్వరం పేరుతోనే వేళాకోళం చేస్తుంది.

ఇదే విభజన మన ఆయుర్వేదంలోనూ ఉంది. విషమజ్వరాల్లో రోజుకు ఒకసారి వచ్చేది అన్యేద్యుష్కం, రోజు విడిచి రోజు వచ్చేది తృతీయకం, రెండు రోజులు విడిచి వచ్చేది చతుర్థకం. ‘అన్యేద్యుష్కం’లో ‘ద్యు’ అనే ముక్క చూడండి. దానికీ లాటిన్ ‘డియెస్’కీ మూలం ఒకటే, వెలగడం అనే అర్థమున్న పాత ధాతువు. ఒకే రోగానికి రెండు దేశాల వైద్యులు ఒకే వేరు నుంచి వచ్చిన మాటలతో పేరు పెట్టారన్నమాట. ఆ జ్వరాలు దోమ వల్ల వస్తాయని తేలడానికి చాలా కాలం పట్టింది. రొనాల్డ్ రాస్ దోమ కడుపులో మలేరియా క్రిమిని చూసింది మన సికింద్రాబాదులోనే, 1897 ఆగస్టు 20న.

జ్వరం నుంచి ఈ మాట నెమ్మదిగా బయటికి నడిచింది. రోజూ వచ్చేది అలవాటైపోతుంది. అలవాటైనదాన్ని ఎవరూ ప్రత్యేకంగా చూడరు. అలా ‘ప్రతిరోజూ’ అన్న అర్థం ‘మామూలు’గా మారింది. ‘రోజూ చచ్చేవాడికి ఏడ్చేవాడెవడు’ అని మన పెద్దలు అనేది ఈ సంగతే.

తెలుగులో దీనికి సరిజోడు ఉంది. అది ‘సాధారణం’ కాదు, ‘దైనందినం’. దినం దినం అనే జంట నుంచి వచ్చిన మాట. డైరీని మనం ‘దైనందిని’ అంటాము. ఇంగ్లీషు డైరీ కూడా ఆ ‘డియెస్’ నుంచి వచ్చినదే. తమిళంలో ‘అన్ఱాడం’ ఉంది. ఆ రోజు సంపాదనతో ఆ రోజు పొయ్యి వెలిగించేవాణ్ణి ఇక్కడ ‘అన్ఱాడంగాయ్చి’ అంటారు. తెలుగులో అయితే ‘రెక్కాడితే గాని డొక్కాడదు’ అంటాము. కోయంబత్తూరు పిల్లలకు ఈ రెండూ చెబితే క్వొటిడియన్ అర్థం వేరే చెప్పక్కర్లేదు.

వాడేటప్పుడు జాగ్రత్త కావాలి. ‘డైలీ’ అన్న ప్రతిచోటా ఇది పెట్టకూడదు. రోజు కూలీ ‘డైలీ వేజెస్’ మాత్రమే. ‘ఆర్డినరీ’ ఉన్న ప్రతిచోటా కూడా ఇది కుదరదు. మా ఊరి ఆర్డినరీ బస్సును ఎవరూ క్వొటిడియన్ బస్సు అనరు. రోజూ జరిగేది, ఇంటా బయటా కలిసిపోయి కంటికి ఆననిది అని చెప్పవలసినప్పుడు ఇది సరిగ్గా అతుకుతుంది. ‘క్వొటిడియన్ లైఫ్’ అంటే దైనందిన జీవితం. వంట, బట్టలు ఉతకడం, పిల్లల్ని బడికి దింపడం వంటివి క్వొటిడియన్ పనులు. రాసేవాడి మనసును బట్టి ఇందులో కొంచెం విసుగు ఉండవచ్చు, కొంచెం ఆప్యాయత కూడా ఉండవచ్చు.

పక్కనున్న మాటలతో పోలిస్తే దీని ప్రత్యేకత తెలుస్తుంది. ‘మండేన్’ కూడా మామూలు అనే అర్థమే ఇస్తుంది. అది లోకం అనే అర్థమున్న లాటిన్ మాట నుంచి వచ్చింది, మన ‘లౌకికం’ లాగా. ‘పెడెస్ట్రియన్’ కాలినడకవాడు. గుర్రం మీద పోయేవాడితో పోల్చి అతని పనిని చప్పగా ఉందన్నారు. మన ‘మామూలు’ అరబ్బీ నుంచి వచ్చింది, చేస్తూ వస్తున్నది అని మొదటి అర్థం. తరవాత అది లంచానికీ పేరైంది, తమిళంలోనూ అంతే. ఇన్ని మాటల్లో ఎవరినీ తక్కువ చేయకుండా, రోజులు లెక్కపెట్టి ‘మామూలు’ అన్నది క్వొటిడియన్ ఒక్కటే. నీచమైనది అనదు, రోజూ ఉన్నది అంటుంది. ఈ రెంటికీ తేడా తెలియకపోవడమే మా పిల్లల ఇబ్బంది.

ఆర్.ఎస్. పురంలోనూ చుట్టుపక్కల పేటల్లోనూ తరాలుగా తెలుగు మాట్లాడే ఇళ్ళు చాలా ఉన్నాయి. నాయుళ్ళ ఇళ్ళున్నాయి, దేవాంగుల ఇళ్ళున్నాయి, ఊరు ఊడ్చి శుభ్రం చేసే అరుంధతీయుల ఇళ్ళున్నాయి. ఆ ఇళ్ళ పిల్లల్ని ‘మీ ఇంట్లో ఏ భాష?’ అని అడిగితే చాలామంది చెప్పే జవాబు ఒకటే: ‘తెలుగే సార్, కానీ సరైన తెలుగు కాదు. ఊరికే ఇంట్లో మాట్లాడుకునేది’. వాళ్ళ అమ్మలు కూడా అదే అంటారు. ‘మాది కొచ్చ తెలుగండీ, మీరు మంచిది నేర్పించండి’ అని మా చేతిలో పెట్టి పోతారు.

‘కొచ్చ’ అంటే ఏమిటో పరీక్షించి చూద్దాం. ఆ పిల్లలు ‘ఎందుకు’ అనరు, ‘ఏంటికి’ అంటారు. ‘అక్కడ, ఇక్కడ’ బదులు ‘ఆడ, ఈడ’. ‘వస్తున్నాను’ బదులు ‘వస్తా ఉండాను’. ఇవి కోయంబత్తూరులో పాడైపోయిన మాటలు కావు. చిత్తూరు వైపు పోయి వినండి, ఇవే వినపడతాయి. దక్షిణాది తెలుగు తీరు ఇది. పెరటి చెట్టు మందుకు రాదన్నట్టు, రోజూ నోట్లో ఉన్నది కాబట్టి భాషగా లెక్కకు రాలేదు.

చరిత్ర ఇంకొక సంగతి చెబుతుంది. మదురైలో 1529లో విశ్వనాథ నాయకుడితో మొదలైన నాయక రాజుల పాలన 1736లో ముగిసింది. కొలువులో తెలుగు కవులుండేవారు, తెలుగు కావ్యాలు పుట్టాయి. తిరుమల నాయకుడి మహలు నేటికీ యాత్రికులతో కళకళలాడుతోంది. కానీ ఆ కొలువులో వినిపించిన అలంకారాల తెలుగు ఈరోజు మదురై వీధుల్లో ఎవరి నోటా లేదు. కొలువుతోపాటే అదీ పోయింది. నిలబడింది వంటింటి తెలుగు, పొలం గట్టు తెలుగు, ‘కూడు తిన్నావా’ అని రోజూ అడిగిన తెలుగు. రాజ్యం పోయి దాదాపు మూడువందల ఏళ్ళయినా, బడి ఆసరా లేని ఇళ్ళల్లో కూడా, అది బతికే ఉంది. దాన్ని కాపాడింది రోజూ మాట్లాడటమే.

ఈ విలువను బడిలో మొదట గట్టిగా వాదించినవారు గిడుగు రామమూర్తి గారు. 1863లో ఆగస్టు 29న పుట్టిన ఆయన పర్లాకిమిడిలో బడిపంతులు. పుస్తకాల తెలుగు ఒకటి, నోటి తెలుగు మరొకటి అయితే పిల్లవాడు చదువుకు దూరమవుతాడని ఆయన వాదన. అప్పటి పండితులు వాడుక మాటను గ్రామ్యం అని పక్కన పెట్టేవారు. ఆయన దాన్ని పాఠంలోకి తేవాలని పోరాడారు. అంతటితో ఆగక, అడవుల్లోని సవరల భాష నేర్చుకుని వాళ్ళ పిల్లలకు ఆ భాషలోనే చదువు చెప్పే ఏర్పాటు చేశారు. 1936లో పర్లాకిమిడి ఒడిషాలో కలిసింది. మన లాగే రాష్ట్రం గీతకు అవతల పడిన తెలుగు ఊరు అది.

మా పిల్లలకు ఇప్పుడు సమయం తక్కువ. తమిళాన్ని తప్పనిసరి పాఠం చేసిన 2006 చట్టం 2006-07లో ఒకటో తరగతితో మొదలై, ఏడాదికో తరగతి చొప్పున 2015-16కి పదో తరగతి చేరింది. ఉన్న ఊరి భాష నేర్చుకోవలసిందే, అందులో మాకు గొడవ లేదు. తమిళం, ఇంగ్లీషు, లెక్కలు, సైన్సు పోగా తెలుగుకు మిగిలే పీరియడ్లు కొన్నే. ఆ కాస్త వేళలో పిల్లవాడు ఇంటి తెలుగును చెరిపేసుకుని కొత్త తెలుగు నేర్వాలంటే రెండూ దక్కవు. ఇంటి తెలుగును పునాదిగా పెట్టుకుంటే పుస్తకం తెలుగు దాని మీద నిలబడుతుంది.

మన శాస్త్రాల్లో నిత్యకర్మకు ఒక నియమం చెబుతారు. చేస్తే ప్రత్యేక పుణ్యం లేదు, మానేస్తే మాత్రం దోషం ఉంది. రోజువారీ వాటికన్నిటికీ ఇది వర్తిస్తుంది. శిరువాణి నీళ్ళు కొళాయిలో వచ్చినంత కాలం మా ఊళ్ళో ఎవరూ వాటి గురించి మాట్లాడరు. రాని రోజున వీధంతా అదే మాట. భాష విషయంలో ఇంకా ప్రమాదం ఏమిటంటే, ఆగిపోయిన రోజున వీధిలో ఎవరూ బిందెలు పట్టుకుని బయటికి రారు. ఒక తరం ఇంట్లో మాట్లాడటం మానేస్తుంది, అంతే. తరవాతి తరానికి అడగాలని కూడా తెలియదు.

అందుకని మా తరగతిలో ఒక పని పెట్టాము. మీ బడిలోనూ చేయవచ్చు, ఖర్చు ఒక నలభై పేజీల నోటుపుస్తకం. దాని పేరు దైనందిని. రోజుకు ఒక మాట. ఇంట్లో అవ్వో తాతో అమ్మో అన్నది, పాఠ్యపుస్తకంలో లేనిది, విన్నది విన్నట్టు రాయాలి. పక్కన తమిళంలో దాన్ని ఏమంటారో, పుస్తకం తెలుగులో ఏమంటారో రాయాలి. తప్పు దిద్దడం ఉండదు. బడి సంవత్సరంలో పనిదినాలు రెండువందలకు పైనే ఉంటాయి కాబట్టి, ఏడాది తిరిగేసరికి ఒక్కో పిల్లవాడి దగ్గర రెండువందల ఇంటి మాటలుంటాయి. రెండు పుస్తకాలు పక్కపక్కన పెట్టి చూస్తే ఏ మాట ఎవరింట్లో ఉందో, ఎవరింట్లో పోయిందో పిల్లలే చెబుతారు.

తల్లిదండ్రులకు మా మనవి ఒక్కటే. పిల్లవాడు నోటుపుస్తకం పట్టుకుని వచ్చి ‘అమ్మా, నువ్వు దీన్ని ఏమంటావు?’ అని అడిగినప్పుడు ‘మాది మంచి తెలుగు కాదురా, మీ సారును అడుగు’ అనకండి. మీరు రోజూ అనే మాటే చెప్పండి. సారు దగ్గర లేనిది అదే.